మళ్ళీ వేసిన గట్టు

కొత్తలంక,
సెప్టెంబరు 14, 2025

శాలినీ,

మట్టిలో కలిసిపోయిన మనిషిని డబ్బా మూత తీసి లేపమని నిన్నెవరు అడిగారే? ఎండిన ఎముకల లోయలో నిలబడి జీవము రమ్మని పిలిచే అధికారం యెహెజ్కేలు ప్రవక్తకు దేవుడిచ్చాడు. నీకెవరిచ్చారు? పూణెలో నీకు జీతమిచ్చేవాళ్ళా?

చూశావా, కోపంలో ముందు చెప్పాల్సిన మాట మరిచాను. ప్రభువు నామంలో నీకు సమాధానం కలుగును గాక. తింటున్నావా? మొన్న నీ గొంతు బక్కచిక్కినట్టు వినిపించింది.

ఫోనులో నువ్వు చెప్పింది నాకు సగమే అర్థమైంది. ఆ సగానికే అన్నం సహించలేదు. ఇక ఈ సంగతి ఉత్తరాల్లోనే మాట్లాడు. పౌలు ఫోన్లు చేయలేదు, సంఘాలకు ఉత్తరాలే రాశాడు, అందుకే నిలిచాయి. ఫోనులో మాట తుమ్ము లాంటిది. తుమ్మినవాడికే గుర్తుండదు.

పాత రీళ్ళు భద్రపరిచే మీ ఆఫీసుకు సర్కారు సినిమా డబ్బాలు వచ్చాయన్నావు. ఒకదాని మీద కొత్తలంక అని ఉందనీ, మన సొసైటీ వ్యవసాయం మీద 1957లో తీశారనీ అన్నావు. "మన ఊరు సినిమాలో ఉంది మావయ్యా" అని గంతేశావు. తెలియదు కాబట్టి గంతేశావు. మీ అమ్మ నీకు చెప్పకుండానే కన్నుమూసింది. నేను చెప్తాను, విను.

ఆ రోజుల్లో ఏటి ఒడ్డున లంక భూమిని సర్కారు మన పేటవాళ్ళకు ఇచ్చింది. ఇంటికొక ముక్క, ముక్కకొక గట్టు. ఒకడికి ఎద్దుంటే నాగలి లేదు, ఇంకొకడికి నాగలుంటే ఎద్దు లేదు. అప్పుడు పెద్దలు కూర్చుని సొసైటీ పెట్టారు. భూమంతా ఒకటే చేను, పని అందరిదీ, పంట అందరిదీ. అపొస్తలుల కాలంలో విశ్వాసులు తమకున్నదంతా ఒకచోట పెట్టి పంచుకోలేదూ, అట్లా. ఒక ఆదివారం ఆరాధన అయ్యాక ప్రతి ఇంటివాడూ తన గట్టును తన పారతోనే కోశాడు. కోసినవాళ్ళంతా చర్చి ముందు ఒకే బంతిలో కూర్చుని తిన్నారు. తింటూ దేవుడి ముందు మాట ఇచ్చుకున్నారు, ఎవడు మళ్ళీ గట్టు వేస్తాడో వాడూ వాడి సంతానమూ ఈ బంతిలో కూర్చోకూడదని. కోతపండుగకు ఆ బంతి ఇప్పటికీ సాగుతోంది. సొసైటీ ఎప్పుడో పోయింది.

మొదటి పంట ఇంటికొచ్చిన వెంటనే మా అమ్మ తండ్రి, నీ ముత్తాత జీవరత్నం, మళ్ళీ గట్టు వేశాడని ఊరంటుంది. వేయలేదని నేనంటాను. బైబిల్లో నాబోతు మీద కూడా ఇద్దరు నిలబడి దొంగసాక్ష్యం చెప్పారు. అంతమాత్రాన అది నిజమైందా? అసలు వేశాడా లేదా అని మా అమ్మను నేనెన్నడూ అడగలేదు. అడగటమే అనుమానించడం అనుకున్నాను. ఆమె కూడా "మా నాన్న తప్పు చేయలేదు" అనేదే గాని ఇంకో ముక్క ఎత్తేది కాదు. "జీవరత్నానికో న్యాయం, మాకో న్యాయమా" అని మిగతావాళ్ళూ పారలు తీశారు. చేను ముక్కలైంది, ముక్కలు కౌలుకు పోయాయి, తర్వాత అమ్ముడుపోయాయి. ఇప్పుడక్కడ రొయ్యల చెరువులు, మనిషెత్తు గట్లు.

ఆయన తల దించుకుని ఊళ్ళో ఉన్నా బాగుండేది. బెజవాడ పోయి, బ్యారేజీ పనిలో రాళ్ళు మోసి, ఆ కూలితో సినిమా హాళ్ళ చుట్టూ తిరిగాడు. మనవాళ్ళే చూశారు. నేల టిక్కెట్టు కొని లోపలికి పోయేవాడట, అసలు ఆట మొదలవ్వగానే లేచి వచ్చేసేవాడట. పిచ్చెక్కిందన్నారు. అక్కడే జ్వరమొచ్చి పోయాడు. శవం కూడా ఊరు చేరలేదు. మైకు పట్టుకుని వాక్యం చెప్పడం మొదలుపెట్టిన నాటి నుంచీ సినిమా మీద నేను మండిపడేది ఊరికే కాదు. అది మా తాతను తినేసింది.

మా అమ్మకు డెబ్బై ఎనిమిదేళ్ళొచ్చాయి. పదేళ్ళ పిల్లప్పుడు ఆ బంతిలోంచి లేపేశారు, మళ్ళీ అందులో కూర్చోలేదు. కోతపండుగ నాడు తలుపు వేసుకుని గంజి తాగుతుంది. నేను కాలువ లాకుల దగ్గర తలుపులెత్తే లస్కరు పని చేసుకుంటూ, ఆ చర్చికి పోకుండా రేకుల షెడ్డులో వాక్యం చెప్పుకునేవాణ్ణయ్యింది కూడా అందుకే.

కాబట్టి ఆ డబ్బా మూసెయ్యి.

ఇక్కడితో ఆపుదామనుకున్నాను. నేను పైకి చదువుకుంటూ రాస్తానని నీకు తెలుసుగా, అమ్మ గుమ్మంలో కూర్చుని అంతా విన్నది. "ఒరే సొలొమోనూ, మా నాన్న మొహం అందులో ఉందేమో అడగరా" అంటోంది. ఆయన ఫొటో ఒక్కటి లేదు కదా. "ఎడం చెవి చిరిగి ఉంటది, గిత్త కొమ్ము తగిలి. తలగుడ్డ దానిమీదకి లాక్కునేవోడు. నవ్వుతున్నాడేమో కూడా అడుగు" అంటోంది.

అడిగాను. నా ఇష్టంతో కాదు.

మీ మావయ్య,
సొలొమోను

~

పూణె,
సెప్టెంబరు 23

మావయ్యా,

నీకూ సమాధానం కలుగును గాక. తింటున్నాను. ఇక్కడ పప్పులో బెల్లం వేస్తారు. అరణ్యంలో ఇశ్రాయేలీయులు ఉల్లిపాయల కోసం ఎందుకేడ్చారో ఇప్పుడర్థమవుతోంది.

నువ్వు రాసినదంతా చదివాక చేతులు కడుక్కుని మళ్ళీ ఆ రీలు ముందు కూర్చున్నాను. పదకొండు నిమిషాల సినిమా. ఊళ్ళలో రైతులు ఎలా ఏకమయ్యారో పట్నంవాళ్ళకు చూపించడానికి తీసింది. వెనకనుంచి ఒకాయన ఇంగ్లీషులో చెబుతుంటాడు, గొంతుకు ఇస్త్రీ చేయించుకున్నట్టుంటుంది. మొదట పెద్ద చేలో ఒకడే మనిషి గట్టు వేస్తుంటాడు. "సొసైటీకి ముందు ప్రతి రైతూ తన గట్టు లోపల ఒంటరివాడు" అంటాడు ఇస్త్రీ గొంతాయన. తర్వాత ఒక్కసారిగా వరసగా నాగళ్ళు, ఎడ్లు, పాటలు పాడే ఆడవాళ్ళు. గట్లు కోయడం మాత్రం ఎక్కడా లేదు, ఎందుకో.

మావయ్యా, ఆ ఒంటరి మనిషి తలగుడ్డ ఎడం చెవి మీదకు ఉంది. ఒకసారి వంగినప్పుడు జారింది. చెవి చిరిగి ఉంది.

ముత్తాత దొరికాడు! పార వెనక వైపుతో మట్టిని ఎంత ముచ్చటగా నిమిరాడో, అమ్మమ్మ మన అరుగు అలికినట్టే. మొహం పక్కనుంచే కనిపిస్తుంది, నవ్వడం లేదు. ఇది సొసైటీకి ముందు సంగతి కాబట్టి ఊరు వేసిన నిందకూ దీనికీ సంబంధం లేదు. నువ్వు బెంగపడకు.

పెన్ డ్రైవ్ ఈ కవర్లోనే పెట్టాను. ఎవరి కంప్యూటర్లోనైనా అమ్మమ్మకు చూపించు. ఆమె కళ్ళకు శుక్లాలు ముదురుతున్నాయన్నావు, ఆలస్యం చేయకు.

నీ
శాలిని

~

కొత్తలంక,
అక్టోబరు 6

శాలినీ,

ముందు నేనొక్కణ్ణే చూద్దామనుకున్నాను. కూచిపూడిలో చూస్తే ఎవడి కంటైనా పడతానని విజయవాడ బస్సెక్కి పటమట దాకా పోయాను. ఒక జెరాక్స్ షాపు. కంప్యూటరు ముందున్న అమ్మాయి పెన్ డ్రైవ్ గుచ్చి "సినిమానా అంకుల్?" అంది. "కాదమ్మా, తీర్పు" అన్నాను. ఆ పిల్ల నవ్వింది. నేను నవ్వలేదు.

చూశాను. ఆయనే. నేను పుట్టక ముందే పోయిన మనిషి. ఆ నడుము వంపు మా అమ్మది, ఆ మెడ మీ అమ్మది. కళ్ళ నీళ్ళు తుడుచుకుని ఇంకోసారి వేయమన్నాను. రెండోసారి కన్నీళ్ళు అడ్డం రాలేదు కాబట్టి వెనక ఏముందో కనిపించింది.

గడ్డివామి. ఇంటెత్తుది. అది సొసైటీ మొదటి పంట వామి, శాలినీ. ఊరందరి గడ్డీ ఒకే వామి వేశారని, అంత వామి దివిసీమ మొత్తంలో లేదని ముసలాళ్ళు చెప్పుకునేది అదే. పంట అందరిదీ అయ్యాకే ఆ వామి లేచింది. అంటే గట్లన్నీ కోసి, బంతిలో కూర్చుని, దేవుడి ముందు మాట ఇచ్చిన తర్వాత, ఈయన వెళ్ళి మళ్ళీ గట్టు వేశాడు. నువ్వు "ముందు" అన్నావు. నీ ఇస్త్రీ గొంతు అబద్ధం చెప్పింది. వామి చెప్పదు.

అరవై దాటిన ఈ వయసులో, పటమటలో ఒక ప్లాస్టిక్ కుర్చీలో, ఊరు చెప్పిందే నిజమని నాకు తెలిసింది. నిర్దోషి తాతకు మనవణ్ణనే ఒక్క ధైర్యంతో ఇన్నేళ్ళు మైకు పట్టుకున్నాను. దొంగిలించింది గుడారంలో పాతిపెట్టిన ఆకాను గురించి ప్రసంగించినప్పుడల్లా ఊళ్ళోవాళ్ళు నన్నే చూస్తున్నారని తెలిసి కూడా గొంతు తగ్గించలేదు. ఇప్పుడు ఆ పేజీ తెరవగలనా?

ఇంటికొచ్చాను. అమ్మ చాప మీద కూర్చుని ఉంది, నా చెప్పుల చప్పుడుకే లేచి నిలబడింది. "ఉన్నాడట్రా?" అంది.

"లేడమ్మా" అన్నాను.

"చెవి చూశావా?"

"అలాంటివాడెవడూ లేడు."

"మబ్బేసి ఉంటది. బొమ్మ పడుండదు" అంది. చాప చుట్టేసి లోపలికి పోయింది.

అబద్ధమాడాను. ఆ పాపం నాది, దేవుడితో నేను తేల్చుకుంటాను. నువ్వు చేయాల్సింది ఒక్కటే. దాన్ని కాల్చెయ్యి. నువ్వు డబ్బా తెరవకపోతే మా తాత నాకు మంచివాడుగానే మిగిలేవాడు.

సొలొమోను

~

పూణె,
అక్టోబరు 15

మావయ్యా,

శుభం చెప్పకుండా మొదలుపెట్టి, మావయ్య అని కూడా రాయకుండా ముగించావు. సరే.

కాల్చను. సత్యమే మనిషిని విడిపిస్తుందని సైకిలు మీద మైకు కట్టుకుని ఊరూరా చెప్పావు. వెనక క్యారేజీ మీద కూర్చుని విన్నది నేను. ఇప్పుడు కాల్చమంటే ఎలా?

వామి సంగతి నువ్వు చెప్పేదాకా నాకు తట్టలేదు. నువ్వు చూసింది నిజం. కానీ దాని నుంచి నువ్వు తేల్చింది నిజం కాదేమో. ఇలాంటి పాత రీళ్ళతోనే నా బతుకు. కెమెరావాళ్ళు ఊరికొచ్చేసరికి చెప్పుకోవాల్సిన కథ అప్పటికే జరిగిపోయి ఉంటుంది. "ముందు ఎలా ఉండేది" అని చూపించడానికి వాళ్ళకు బొమ్మ కావాలి. అందుకని ఎవరో ఒకర్ని పిలిచి మళ్ళీ చేయమంటారు. కొత్త బావి దగ్గర నవ్వుతున్న ఆవిడ చేతనే పాత గుంటలో నీళ్ళు తోడించిన రీలు నా బల్ల మీద ఇప్పుడే ఉంది. మన ముత్తాత చేత కూడా అట్లా గట్టు వేయించారేమో. ఆయన నటించాడేమో మావయ్యా.

అమ్మమ్మ అప్పుడు ఊళ్ళోనే ఉంది కదా. ఒక్క మాట అడుగు, జీపు వచ్చేనాటికి గట్లున్నాయా, కోసేశారా అని. ఆమె చెప్పకపోతే ఇక చెప్పేవాళ్ళు లేరు.

ఇంకోటి. డబ్బా అడుగున, సినిమాలో వాడకుండా వదిలేసిన ముక్క ఒకటి చుట్టి ఉంది. పుల్లటి వాసన, కుంచించుకుపోయింది, తొందరపడితే విరిగిపోతుంది. దాన్ని మెల్లగా సాగదీసి చూడాలి. కొన్ని వారాలు పడుతుంది.

అమ్మమ్మతో అబద్ధం చెప్పావని నాకు కోపం లేదు. దిద్దుకోవడానికి టైముంది.

శాలిని

~

కొత్తలంక,
నవంబరు 2

శాలినికి,

తుఫానుకు చేలన్నీ పడుకున్నాయి. కంకి నీళ్ళలో మొలకెత్తుతోంది. షెడ్డు రేకులు రెండు లేచిపోయాయి. ఇంత గోలలో నీ ఉత్తరం తడిసి వచ్చింది. తడవకుండా ఉన్న మాట ఒక్కటే, నటించాడేమో అని.

నటన! బొమ్మ కోసం దేవుడి ముందిచ్చిన మాట తప్పితే తప్పినట్టు కాదా? పేతురు కూడా చలిమంట దగ్గర కాసేపు నటించాడు, ఆ ప్రభువెవరో నాకు తెలియదని. కోడి కూయకుండా ఊరుకుందా? నువ్వు మా తాతను దొంగతనం నుంచి తప్పించి వేషగాణ్ణి చేస్తున్నావు. ఏది నయమో నువ్వే చెప్పు.

అమ్మకు ఒంట్లో బాగాలేదు. వాన గాలికి రొమ్ము పట్టేసింది. కూచిపూడి డాక్టరు మందులిచ్చాడు. జ్వరంలో చిన్నపిల్లలా కలవరిస్తోంది. "ఇంకో బిళ్ళియ్యండి, అమలక్కూడా" అంటోంది. అమల అంటే అమలమ్మ కాబోలు, సొసైటీ ప్రెసిడెంటుగారి కూతురు. ఆ ఇంటితో మనకు మాటల్లేవని తెలుసుగా. జ్వరానికి ఆ సంగతి తెలియదు. ఈ స్థితిలో ముసలి ప్రాణాన్ని కూర్చోబెట్టి జీపు ఎప్పుడొచ్చింది, గట్టు ఎప్పుడు కోశారు అని విచారణ చేయమంటావా? చేయను.

ఇక రాయకు. రాసినా విప్పను.

సొలొమోను

~

పూణె,
నవంబరు 17

మావయ్యా,

విప్పనన్నావు. అందుకే కవరు మీద అమ్మమ్మ పేరు రాశాను. నీకు కోపముంటే ఉండనీ, ఇది ఆమెకు చదివి వినిపించు.

ఆ ముక్క సాగింది. ఒక నిమిషం కూడా లేదు. మాట లేదు, బొమ్మే. చూసింది చూసినట్టు రాస్తున్నాను.

అదే గట్టు, అదే వామి. ముత్తాత గట్టు మీద నిలబడి ఉన్నాడు. ప్యాంటు వేసుకున్న ఒకాయన అడ్డంగా వచ్చి, చేతులూపి, ఇక్కడ ఇంకా మట్టి వేయమన్నట్టు చూపించి పక్కకు పోయాడు. వేయించారు మావయ్యా. వేయించిన చెయ్యి కనిపిస్తోంది.

తర్వాత ఇద్దరు ఆడపిల్లలు పరుగెత్తుకుంటూ వచ్చారు. ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని ఆ పచ్చిగట్టు మీద ఎగిరెగిరి తొక్కుతున్నారు. ఇద్దరి బుగ్గల్లోనూ ఏదో ఉబ్బెత్తుగా ఉంది. పిప్పరమెంటు బిళ్ళేమో. వాళ్ళలో ఒకరి గడ్డం మా అమ్మ గడ్డమే. కాలు జారి కూలబడింది. అప్పుడు ముత్తాత పార వదిలేసి ఆ పిల్లను లేవనెత్తి కెమెరా వైపు తిరిగాడు.

నవ్వుతున్నాడు. నోరంతా తెరిచి నవ్వుతున్నాడు అమ్మమ్మా. తలగుడ్డ జారిపోయినా సర్దుకోలేదు.

ఇంకో సంగతి. ఆయన సినిమా హాళ్ళ చుట్టూ తిరిగాడని రాశావు. ఆ కాలంలో ఇలాంటి సర్కారు సినిమాలను ప్రతి హాల్లోనూ అసలు ఆటకు ముందు వేసేవాళ్ళు. అవి అయిపోగానే ఆయన లేచి వచ్చేసేవాడు. ఆయన ఆట చూడటానికి పోలేదు మావయ్యా. తన రీలు ఎప్పుడు వస్తుందా అని పోయాడు. వస్తే ఊరివాళ్ళను తీసుకొచ్చి చూపిద్దామనుకుని ఉంటాడు. ఈ రీలు ఏ హాలుకూ పోయినట్టు లేదు, మిషనులో తిరిగితే పడే గీత ఒక్కటీ మీద లేదు.

ఆయన నవ్విన బొమ్మను, పిల్లల బొమ్మను పెద్ద కాగితం మీద వేయించి పంపుతున్నాను. నువ్వు నమ్మకపోయినా ఫర్వాలేదు. ఆమె చేతిలో పెట్టు చాలు.

శాలిని

~

కొత్తలంక,
డిసెంబరు 9

తల్లీ శాలినీ,

అమ్మ పోయిన రోజు నీకు ఫోను చేసి, సాయంత్రానికల్లా మట్టి ఇచ్చేస్తున్నాం, నువ్వొచ్చి చూసేదేం లేదన్నాను. నువ్వు ఏడుస్తూ "అమ్మమ్మ ఉత్తరం చూసిందా?" అని అడిగావు. నేను ఫోను పెట్టేశాను. ఆ తర్వాత నువ్వు ఫోనూ చేయలేదు, ఉత్తరమూ రాయలేదు. న్యాయమే.

చూడలేదమ్మా. నీ కవరు అమ్మ బతికుండగానే వచ్చింది. ఆమె పేరు చూసి కూడా, చూపు ఆనడం లేదు కదా ఎవరు చదువుతారులే అని, బైబిల్లో పెట్టి మూసేశాను. ఆ పుస్తకం పక్కనే ఆమె దగ్గుతూ పడుకుంది. ఆఖరుకు కూడా అడిగింది, "నువ్వు సరిగ్గా చూశావంట్రా?" అని. "చూశానమ్మా, పడుకో" అన్నాను.

అమ్మ కోసం పెట్టిన ఆదరణ కూడికలో వాక్యం చదవడానికి బైబిలు తెరిస్తే కవరు జారి పడింది. అందరి ముందూ విప్పాను. మొదట ఆయన బొమ్మే చేతికొచ్చింది. నోరంతా తెరిచి ఉన్న ఆ నవ్వు చూసి, ఆ పూట నోట వాక్యం రాలేదు. వచ్చినవాళ్ళు నేను అమ్మ కోసం ఏడుస్తున్నాననుకున్నారు.

మర్నాడు అమలమ్మగారింటికి వెళ్ళాను. పుట్టి బుద్ధెరిగాక ఆ వాకిట్లో కాలు పెట్టడం అదే మొదలు. ఆవిడ మంచం మీద దిండుకానుకుని ఉంది.

"ఎవరదీ?"

"సొలొమోనునండీ. సువార్తమ్మ కొడుకుని."

"నీ గొంతు తెలవకనా? నీ మైకు దెబ్బకి మా గేదెలు పాలివ్వటం మానేసినయ్యి. సువార్త పోయిందంటగా. నాకు చెప్పటానికి ఎవురూ రాలా."

"మనకు చెప్పుకునే అలవాటు ఎప్పుడుందండీ?"

పిల్లల బొమ్మ చేతిలో పెట్టాను. దగ్గరగా పెట్టుకుంది, దూరంగా పెట్టింది. "ఇది సువార్త" అంది. వేలు పక్క పిల్ల మీదకు జరిగింది. "ఇది నేనయ్యా" అంది.

చెప్పింది. ముందురోజు ఊరంతటినీ నాగళ్ళతో తీసి జీపువాళ్ళు వెళ్ళిపోయారట. ఆ రోజు ఊరు ఊరంతా బెజవాడ సహకార సభకు లారీ ఎక్కింది. పిల్లలు కాక, ఎద్దులకు మేత వేయడానికి పెద్దవాళ్ళలో మా తాత ఒక్కడే ఉన్నాడు. జీపు మళ్ళీ వచ్చింది, ముందు సంగతి చూపించే బొమ్మ ఒకటి మరిచామని. గట్టు వేయించారు. పిల్లలకు బిళ్ళలిచ్చి తొక్కమన్నారు. మర్నాడు వచ్చి కోయడం తీస్తాం, అందాకా ఉంచమన్నారు. మళ్ళీ రాలేదు. ఊరు వచ్చింది.

"జీవరత్నం మావ చెప్పాడయ్యా, బొమ్మ కోసమని. జీపు ముందురోజే పోయింది గదా, ఏ బొమ్మ, చూపించు అన్నారు. అప్పుడు, ప్రెసిడెంటుగారూ, మీ అమ్మాయి కూడా అక్కడే ఉందండీ అన్నాడు. మా నాన్న నా వంక చూశాడు. ఆ కెమెరావోళ్ళ చాయలకి పోతే కాళ్ళిరగ్గొడతానని ముందే చెప్పున్నాడు. నేను లేనన్నాను. మావ నా మొహంలోకి చూసి, పొరపాటండీ, ఈ పిల్ల కాదు అన్నాడు. నాకు దెబ్బలు తగలకుండా ఆయన అబద్ధమాడాడు. సువార్తని కూడా మాట్టాడనియ్యలా. బొమ్మొస్తదమ్మా, అదే చెప్తది, నువ్వు మాత్రం ఆ పిల్ల పేరెత్తొద్దని ఒట్టేయించుకున్నాడు. అది నా పేరు ఎత్తలా. చచ్చేదాకా ఎత్తలా. పేతురు ముమ్మారు బొంకాడు, నేనొక్కసారే. ఆయనకి కోడి ఒక్క పూటే కూసింది. నాకు రోజూ కూస్తానే ఉంది సొలొమోనూ."

బొమ్మ అన్న మాట ఊరు మరిచిపోయింది. గట్టు మాత్రం గుర్తుపెట్టుకుంది. బొమ్మ మా అమ్మకు తెలుసు. నవ్వుతున్నాడేమో అడుగు అన్నది అందుకే. పడి లేచిన పిల్ల ఆమే. ఆ నవ్వు ఆమె కోసం నవ్వింది. లేడని నేను చెప్పాను.

చర్చి సంఘ పెద్ద యేసుబాబు అమలమ్మగారి తమ్ముడి కొడుకే. బొమ్మలు పట్టుకుని అతని దగ్గరికి పోయాను. "ఈ రోజుల్లో కంప్యూటర్లో ఏ బొమ్మైనా పుట్టిస్తున్నారు బాబాయ్. పెద్దావిడ మందుల మత్తులో ఏదైనా అంటది. అసలు రీలు తెప్పించు, సంఘం ముందు వెయ్యి, చూద్దాం" అన్నాడు. మా తాతతో వీళ్ళ తాత అన్న మాటే. అయితే ఈసారి రీలుంది. నువ్వున్నావు.

వచ్చే ఆదివారం కోతపండుగ. అమలమ్మగారిని నిన్న పటమటలో ఆసుపత్రిలో చేర్చారు. గుండె నీరసించింది, ఆమె కోరిన చోటికి తీసుకెళ్ళండి అని డాక్టర్లు అన్నారట. ఆవిడ కోరింది ఒక్కటే. ఆ బొమ్మ వేస్తుంటే సంఘం ముందు నిలబడి "ఆ పిల్లను నేనే" అని చెప్పాలి. తర్వాత బంతిలో కూర్చోవాలి. "సువార్తకి ఆకు వెయ్యి, పక్కన నాకు వెయ్యి. తినకపోయినా వెయ్యి" అంది. తెల్లబట్ట నేను కొన్నాను. సినిమా తెరను నా చేతులతోనే చర్చి గోడకు కడతాను. నవ్వేవాళ్ళు నవ్వనీ.

పోస్టులో వేస్తే ఇది నాలుగు రోజులకు నీకు అందుతుంది. అన్ని రోజులు ఆవిడకున్నాయో లేదో ఎవరికి తెలుసు? అందుకే నా నియమం నేనే తప్పి, ఈ కాగితాలు ఫొటో తీయించి ఫోనులో పంపిస్తున్నాను. పౌలు నన్ను క్షమిస్తాడు. నువ్వు క్షమించినా మానినా అది తర్వాత చూసుకుందాం, అందుకు నేను బతికే ఉంటాను.

నేడు అనే మాట ఉండగానే మనసు మెత్తబడాలని వాక్యం. దాన్ని మైకులో ఎన్నిసార్లు అరిచానో లెక్కలేదు, ఒక్కసారి కూడా వినలేదు. ఒక ముసలిదానికి నేను ఆలస్యం చేశాను. ఇంకో ముసలిదానికి నువ్వు చేయొద్దు. మీ పైవాళ్ళను అడుగు, రీలు ఇవ్వమంటే వాళ్ళలో ఒకర్ని కాపలాగా వెంటబెట్టుకునైనా రా. బట్టలు సర్దుకోకు, టిక్కెట్టు ఖరారయ్యేదాకా కూర్చోకు, ఏ రైలు దొరికితే ఆ రైలెక్కు. రేపు కాదమ్మా. ఇది చదవడం అవ్వగానే లేచి, ఆ డబ్బా చేతికి తీసుకుని, ఇవాళే బయల్దేరు.

మీ మావయ్య,
సొలొమోను